రిజర్వ్ క్యాచర్‌గా పదహారేళ్లు, ఆ తర్వాత కోచింగ్: నా అనుభవం

2003లో ఎనిమిదో తరగతిలో ఉండగా మొదటిసారి గ్లవ్ తొడుక్కున్నాను, 2019 డిసెంబర్‌లో చివరి మ్యాచ్ ఆడాను. మధ్యలో సాఫ్ట్‌బాల్, బేస్‌బాల్ రెండూ ఆడాను. జిల్లాకు, యూనివర్సిటీకి, ఉమ్మడి రాష్ట్రానికి, తర్వాత తెలంగాణకు, ఉద్యోగం కోసం బెంగళూరులో ఉన్న రెండేళ్లు అక్కడి ఒక క్లబ్బుకు. ఇన్ని జట్ల పేర్లు వింటే పెద్ద ప్లేయర్ అనుకుంటారు గానీ దాదాపు ప్రతి జట్టులోనూ నేను రెండో క్యాచర్‌ని. క్యాచర్ అంటే బ్యాటర్ వెనక కూర్చుని, పిచర్ (బంతి వేసేవాడు) వేసిన బంతిని పట్టేవాడు, క్రికెట్‌లో వికెట్ కీపర్ లాగా. మొదటి క్యాచర్‌కి దెబ్బ తగిలితేనో, మ్యాచ్ మన చేతిలోకి వచ్చేసిందని తేలితేనో నన్ను దింపేవారు. ఇప్పుడు ఆర్మూర్ దగ్గర ఒక బడిలో పీఈటీగా పనిచేస్తూ, పొద్దునా సాయంత్రం 38 మంది పిల్లలకు ఈ ఆట నేర్పుతున్నాను. డిగ్రీ అయిపోయి, ఇంకా ఆడాలా ఆపాలా అని తేల్చుకోలేని తమ్ముళ్లు నాకు ఫోన్ చేస్తుంటారు, ఆడటం నుంచి నేర్పడంలోకి ఎలా వచ్చావన్నా అని అడుగుతుంటారు. ఫోన్లో అయిదు నిమిషాల్లో చెప్పేది కాదు కాబట్టి మొత్తం ఇక్కడ రాస్తున్నాను.

మాది ఎర్రజొన్న పండే ప్రాంతం. చేను కంకి మీదికి వచ్చిందంటే పొద్దున్నే మంచె ఎక్కి పిట్టల్ని తోలాలి. నాకు ఏడెనిమిదేళ్లప్పటి నుంచే వడిసెల తిప్పడం అలవాటు. బాపు దుబాయిలో ఉండేవాడు, అమ్మ బీడీలు చుట్టేది, చేను కాపలా నాది. వడిసెల లేని రోజు చేత్తోనే రాయి విసిరేవాడిని. బడిలో ఒక రోజు చింతచెట్టు మీదికి రాళ్లు విసురుతుంటే పీఈటీ సార్ చూశారు. కొడతారేమోనని భయపడ్డాను. ఆయన మాత్రం గ్రౌండ్ ఆ చివర గోడ చూపించి "అక్కడిదాంక ఇసురుతవారా?" అన్నారు. విసిరాను. మర్నాడు సాయంత్రం ఆగమన్నారు.

సార్ దగ్గర అప్పుడు నాలుగు గ్లవ్స్, ఒక అల్యూమినియం బ్యాట్, ఒక మాస్క్, తాళ్లు తెగిపోతే సుతిలితో కట్టిన చెస్ట్ గార్డ్ ఉండేవి. పద్నాలుగు మందిమి. మాకు తెలిసిన ఆట క్రికెట్ ఒక్కటే. నేను మొదటి బంతి కొట్టి బ్యాట్ పట్టుకునే పరుగెత్తాను, సార్ "పడెయ్యిరా, బ్యాట్ పడెయ్యి!" అని గ్రౌండ్ అంతా వినబడేలా అరిచారు. గ్లవ్ ఎడమ చేతికి ఉన్నా కుడి చేత్తోనే బంతి పట్టబోయి వేళ్లు వాపెక్కించుకున్నాం. సాఫ్ట్‌బాల్ అనే పేరు విని మెత్తగా ఉంటుందనుకుంటారు, అది 12 అంగుళాల చుట్టుకొలత ఉన్న గట్టి బంతి.

క్యాచర్ అయ్యింది ఎలాగంటే, వేరే ఎవరూ ముందుకు రాలేదు. ఎండలో మాస్క్ వేసుకోవాలి, ముందు ఎవరో వాడిన చెమట వాసన అందులో ఉంటుంది, బ్యాటర్ వెనక గొంతుక్కూర్చోవాలి, ఫౌల్ తగిలిన బంతి ఎటు వస్తుందో తెలియదు. గొంతుక్కూర్చోవడం మాకు ఎవరూ నేర్పక్కర్లేదు, పైగా నా చెయ్యి బలంగా ఉంది, దూరం విసరగలను. బంతి కొట్టాక హోమ్ ప్లేట్ నుంచి మొదలుపెట్టి వరుసగా తాకుతూ పరుగెత్తాల్సిన గుర్తులే బేస్‌లు. సాఫ్ట్‌బాల్‌లో బేస్‌కీ బేస్‌కీ మధ్య 60 అడుగులు, బేస్‌బాల్‌లో 90. రన్నర్ సెకండ్ బేస్ దొంగిలించడానికి, అంటే బ్యాటర్ బంతి కొట్టకుండానే అక్కడికి చేరడానికి, పరుగెత్తినప్పుడు క్యాచర్ హోమ్ ప్లేట్ దగ్గరి నుంచి మూలగా విసరాలి, బేస్‌బాల్‌లో అది 127 అడుగుల పైమాటే. పిట్టల్ని తోలిన చెయ్యి అక్కడ పనికొచ్చింది.

నా మొదటి సొంత మిట్ (క్యాచర్ వేసుకునే గ్లవ్) అమ్మ బీడీల డబ్బుతో కొన్నది. ఎన్ని వేల బీడీలు చుడితే అది వచ్చిందో నాకు అప్పుడు లెక్క తెలియదు, ఇప్పుడు తెలుసు. కొత్త తోలు గట్టిగా ఉంటే కొబ్బరినూనె రాసి, మధ్యలో బంతి పెట్టి, అమ్మ పాత చీర పీలికతో కట్టి, రాత్రి దిండు కింద పెట్టుకునేవాడిని. మూడు వారాలకు నా చేతి ఆకారం వచ్చింది. ఆ మిట్ 2016 దాకా వాడాను, ఇప్పటికీ ఇంట్లో ఉంది.

స్కూల్ గేమ్స్, జిల్లా సెలెక్షన్స్, అక్కడి నుంచి రాష్ట్ర జట్టు ట్రయల్స్. ఉమ్మడి రాష్ట్రంలో ఈ ఆట అనంతపురం వైపు బాగా ఉండేది, ఆర్డీటీ (రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్ అనే స్వచ్ఛంద సంస్థ) వాళ్ల గ్రౌండ్లు చూసి మా కళ్లు తిరిగిపోయాయి. మా గ్రౌండ్‌లో ప్రాక్టీస్‌కి ముందు పది నిమిషాలు రాళ్లేరేవాళ్లం. అక్కడి పిల్లలు పచ్చగడ్డి మీద డైవ్ చేసి లేస్తున్నారు. నన్ను సెలెక్ట్ చేశారు, కానీ మొదటి క్యాచర్ అక్కడి అబ్బాయి. నిజం చెప్పాలంటే అతను నాకంటే మంచి క్యాచర్. బంతి మిట్‌లోకి రాగానే చేతిలోకి మార్చుకుని విసరడం అతనికి ఒకే కదలికలా ఉండేది. నాకు రెండు కదలికలు. ఆ తేడా కన్ను మూసి తెరిచేలోపే, కానీ రన్నర్ సేఫ్ అయ్యేది సరిగ్గా ఆ తేడాలోనే.

ఆ రాష్ట్ర జట్టుతో నేషనల్స్‌కి, అంటే జాతీయ పోటీలకు వెళ్లాను. అక్కడ మా జట్టు ఏడు మ్యాచ్‌లు ఆడితే నేను ఆడింది రెండు ఇన్నింగ్స్. ఈ ఆటలో ఇన్నింగ్స్ అంటే క్రికెట్‌లా పెద్దది కాదు, మ్యాచ్‌లో ఒక చిన్న భాగం. వెళ్లిరావడానికి జనరల్ బోగీలో రెండు రాత్రులు, పడుకోవడానికి బడి గదిలో బెంచీలు జరిపి దుప్పటి, భోజనానికి అన్నం, సాంబారు. తిరిగొచ్చాక ఊళ్లో అందరూ ఎన్ని కొట్టావని అడిగారు. ఏం చెప్పాలో తెలియక తెచ్చిన సర్టిఫికెట్ చూపించాను.

రెండో రోజో మూడో రోజో మేనేజర్ సార్ నా ఒళ్లో స్కోర్ బుక్ పెట్టారు. "ఖాళీగనే ఉన్నవ్ కదా, రాయి" అన్నారు. నన్ను చిన్నబుచ్చడానికి అన్నమాట కాదు, ఆయనకు రాసేవాళ్లు కావాలి. ఆ పుస్తకం నా జీవితాన్ని మలుపు తిప్పింది. ఈ ఆటలో స్కోర్ రాయడం క్రికెట్‌లా ఉండదు. ప్రతి పొజిషన్‌కి ఒక అంకె. పిచర్ 1, క్యాచర్ 2, ఫస్ట్ బేస్ 3, సెకండ్ బేస్ 4, థర్డ్ బేస్ 5, సెకండ్, థర్డ్ బేస్‌ల మధ్య నిలబడే షార్ట్‌స్టాప్ 6, ఆ తర్వాత అవుట్‌ఫీల్డ్ ఎడమ నుంచి 7, 8, 9. షార్ట్‌స్టాప్ బంతి పట్టి సెకండ్‌కి వేసి, అక్కడి నుంచి ఫస్ట్‌కి వేసి ఇద్దరిని అవుట్ చేస్తే 6-4-3 అని రాస్తాం. ఆ మూడు అంకెల్లో ముగ్గురు మనుషులు, రెండు త్రోలు, నాలుగైదు సెకన్ల పని ఉంటుంది. పిచర్ వేసిన ప్రతి బంతికీ బాల్ (హద్దు బయట పడి బ్యాటర్ వదిలేసిన బంతి) అయితే ఒక గుర్తు, స్ట్రైక్ (హద్దులో పడింది, లేదా కొట్టబోయి తప్పింది) అయితే ఒక గుర్తు పెట్టాలి. రాయాలంటే ప్రతి బంతినీ చూడాలి, పక్కవాడితో మాట్లాడటానికి కూడా ఉండదు.

అలా రాస్తూ రాస్తూ ఉంటే కొన్ని కనబడటం మొదలయ్యాయి. ఎదుటి జట్టులో నాలుగో బ్యాటర్ మొదటి బంతికి బ్యాట్ ఎత్తడు. మా థర్డ్ బేస్ అబ్బాయి కుడివైపు వచ్చిన బంతిని ఎప్పుడూ వెనక్కి జరిగి పడతాడు, అందుకే త్రో లేటవుతుంది. మా బ్యాటర్లలో సగం మంది బంతి రాకముందే ముందు కాలు మీద బరువు వేసేస్తున్నారు, అది క్రికెట్ ఫ్రంట్‌ఫుట్ అలవాటు. ఆ అలవాటు నాకూ ఉందని, నా బ్యాటింగ్‌ని నాలుగేళ్లుగా అదే తినేస్తోందని కూడా అక్కడే తెలిసింది. నాకెవరూ చెప్పలేదు. ఆడుతుంటే ఇవేవీ తెలియవు, అవతల బంతి వస్తుంటుంది, గుండె కొట్టుకుంటుంటుంది.

బెంచి మీది క్యాచర్‌కి ఇంకో పని ఉంటుంది, పిచర్లను వార్మప్ చేయించడం. మ్యాచ్‌కి ముందు పక్కన నిలబడి వాళ్లు వేసే ముప్పై, నలభై బంతులు పట్టాలి. పిచర్లు మొదటి క్యాచర్‌తో వ్యూహం మాట్లాడతారు, రెండో క్యాచర్‌తో మనసులో మాట మాట్లాడతారు. భయం, నొప్పి, ఇంట్లో సంగతులు అన్నీ. ఇప్పుడు చెప్పబోయేది ఆ సంగతే. ఇన్నేళ్లూ ఎవరికీ చెప్పలేదు.

2007లో జూనియర్ బేస్‌బాల్ నేషనల్స్‌కి వెళ్లాం. మా పిచర్ నాకంటే కొన్ని నెలలు పెద్దవాడు, మా జిల్లావాడే, అప్పటికి పదిహేడేళ్లు. మేం చూసిన వాళ్లలో అంత వేగంగా వేసినవాడు లేడు. అతని బంతి మిట్‌లో పడితే టప్‌మని పొడి శబ్దం వచ్చేది, అరచెయ్యి మండేది. మూడు రోజుల్లో అయిదు మ్యాచ్‌లు పడ్డాయి, అయిదింటిలోనూ అతన్నే వేయించారు, ఎందుకంటే అతనుంటే గెలుస్తున్నాం. మూడో రోజు పొద్దున వార్మప్‌లో శబ్దం మారిపోయింది. బంతి నా దగ్గరికి వస్తోంది, కానీ మిట్‌లో మెత్తగా పడుతోంది, పడిన చోట మంట లేదు. "చెయ్యి బరువుగ ఉందిరా" అన్నాడు. నేను "స్ప్రే కొట్టించుకో" అన్నాను. అంతే అన్నాను. కోచ్ అయిదడుగుల దూరంలో ఉన్నారు. నేను రిజర్వ్ క్యాచర్‌ని, ఒక్క మ్యాచ్ సరిగ్గా ఆడనివాడిని, పిచర్‌ని మార్చండి అని చెప్పడానికి నేనెవరిని అనుకున్నాను. సెమీఫైనల్ నాలుగో ఇన్నింగ్స్‌లో ఒక బంతి వేసి మోచెయ్యి పట్టుకుని కూర్చుండిపోయాడు. మళ్లీ పిచింగ్ చేయలేదు. ఊరికి వచ్చాక పట్టు వేయించారు, కాపడం పెట్టారు. స్కాన్ అన్నమాట అప్పుడు మా దగ్గర ఎవరికీ తట్టలేదు. ఆర్నెల్ల తర్వాత అన్నం ముద్ద నోటికి ఎత్తుకోగలిగాడు గానీ మోచెయ్యి ఇప్పటికీ పూర్తిగా చాపలేడు.

మరుసటి ఏడాది, 2008లో, ఉత్తరప్రదేశ్ నుంచి రింకూ సింగ్, దినేష్ పటేల్ అని ఇద్దరు జావెలిన్ కుర్రాళ్లు బంతి వేగంగా విసిరే పోటీలో నెగ్గి అమెరికా వెళ్లారని, పిట్స్‌బర్గ్ పైరేట్స్ జట్టు వాళ్లతో ఒప్పందం చేసుకుందని వార్త వచ్చింది. మా అందరికీ ఒళ్లు పులకరించింది. నేను మాత్రం ఆ వార్త చదువుతూ మా పిచర్ గురించే ఆలోచించాను.

తర్వాతి పదేళ్ల గురించి త్వరగా చెప్పేస్తాను. డిచ్‌పల్లిలో తెలంగాణ యూనివర్సిటీ తరఫున ఇంటర్ యూనివర్సిటీ ఆడాను. అక్కడ ఒక్క ఏడాది మొదటి క్యాచర్‌ని అయ్యాను, నా ఆటలో మంచి రోజులు అవే. 2014లో రాష్ట్రం వేరయ్యాక జట్లు వేరయ్యాయి, అనంతపురం స్నేహితులు ఎదుటి జట్టులోకి వెళ్లిపోయారు. ఒకసారి విదేశీ టోర్నమెంట్‌కి ప్రాబబుల్స్‌లో, అంటే జట్టు ఎంపికకు ముందు పెట్టే జాబితాలో, నా పేరు వచ్చింది. ఖర్చు ఎవరిది వారే పెట్టుకోవాలన్నారు, లక్షన్నర దగ్గర. బాపు అప్పటికే దుబాయి నుంచి వచ్చేశాడు, చెల్లి పెళ్లి అప్పు ఉంది. ఇంట్లో ఆ మాట ఎత్తనే లేదు. అది అన్యాయమని ఇప్పటికీ అంటాను. దేశం జెర్సీ వేసుకునే అర్హత ఇంటి బీరువాలో ఉన్న డబ్బును బట్టి ఉండకూడదు.

ఆ రోజుల్లో రైట్ ఫీల్డ్ ఆడాను, థర్డ్ బేస్ ఆడాను, ఒకసారి అందరికీ జ్వరాలు వస్తే పిచింగ్ కూడా చేశాను. ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ. అమెరికాలో ఇలా జట్టు నుంచి జట్టుకు తిరిగేవాళ్లని జర్నీమన్ అంటారని చాలా ఆలస్యంగా తెలిసింది. ఎడ్విన్ జాక్సన్ అనే పిచర్ మేజర్ లీగ్‌లో (అమెరికాలో అతిపెద్ద బేస్‌బాల్ లీగ్) ఏకంగా 14 జట్లకు ఆడాడు, అది రికార్డు. కరోనా లాక్‌డౌన్‌లో ఇంట్లో కూర్చుని ఇలాంటివాళ్ల గురించి వెతుక్కుని మరీ చదివాను. నన్ను అన్నిటికంటే పట్టుకున్నది బ్రూస్ బోచీ కథ. ఆయనా క్యాచరే, ఆయనా ఎక్కువకాలం బెంచి మీదే ఉన్నాడు. తొమ్మిది సీజన్లలో ఆడింది 358 మ్యాచ్‌లు, అక్కడ ఒక్క సీజన్‌కే 162 మ్యాచ్‌లుంటాయి. అదే మనిషి మేనేజర్‌గా (అక్కడ ప్రధాన కోచ్‌ని అలా అంటారు) శాన్‌ఫ్రాన్సిస్కో జెయింట్స్‌ని 2010, 2012, 2014లలో వరల్డ్ సిరీస్ (మేజర్ లీగ్ ఫైనల్) గెలిపించాడు, తర్వాత 2023లో టెక్సస్ రేంజర్స్‌ని కూడా. స్టీఫెన్ వోట్ అని ఇంకో క్యాచర్, మేజర్ లీగ్‌లోకి వచ్చాక మొదటి హిట్ (బంతి కొట్టి అవుట్ కాకుండా బేస్ చేరడం) కొట్టే లోపు వరుసగా 32 సార్లు విఫలమయ్యాడు. 2024లో క్లీవ్‌లాండ్ గార్డియన్స్ మేనేజర్‌గా మొదటి ఏడాదే అమెరికన్ లీగ్‌లో (మేజర్ లీగ్‌లోని రెండు విభాగాల్లో ఒకటి) ఆ ఏటి ఉత్తమ మేనేజర్ అవార్డు తెచ్చుకున్నాడు. బెంచి మీది క్యాచర్లు ఎందుకు మంచి కోచ్‌లు అవుతారో నాకు ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు. మైదానంలో ఎనిమిది మంది ముఖం ఒకవైపు, క్యాచర్ ముఖం ఇంకోవైపు ఉంటుంది. ఆటంతా కనబడేది అతనికే. బెంచి మీద ఉంటే ఇంకా ఎక్కువ కనబడుతుంది.

ఇక కోచింగ్‌లోకి ఎలా వచ్చానంటే, ముందు బీపీఈడీ (వ్యాయామ ఉపాధ్యాయులకు కావాల్సిన డిగ్రీ) చేశాను. ఇది తమ్ముళ్లందరికీ గట్టిగా చెబుతాను: ఆడుతున్నప్పుడే చేసేయండి. నేను నాలుగేళ్లు ఆలస్యం చేశాను, ఆ నాలుగేళ్లూ ఒక ప్రైవేటు బడిలో నెలకు ఎనిమిది వేలకు పనిచేశాను. రెండోది, సర్టిఫికెట్లు. స్పోర్ట్స్ కోటాలో నేషనల్స్ ఆడినదానికి ఫారం 2, యూనివర్సిటీదానికి ఫారం 3, స్కూల్ గేమ్స్‌దానికి ఫారం 4 అడుగుతారు. ఆడిన ఏడాదే సంతకాలు పెట్టించుకోండి. పదేళ్ల తర్వాత వెళ్తే అప్పటి సెక్రటరీ ఉండరు, రికార్డు ఉండదు, మీరు ఆడారనడానికి మీ మాట తప్ప ఏమీ మిగలదు. నాది ఒక ఫారం ఇలాగే పోయింది, దాంతో ఒక ఉద్యోగం కూడా పోయింది.

2022 వేసవిలో పటియాలా ఎన్ఐఎస్‌లో (జాతీయ క్రీడా సంస్థ) ఆరు వారాల కోచింగ్ సర్టిఫికెట్ కోర్సుకి వెళ్లాను. పాత మోతీబాగ్ ప్యాలెస్‌లో ఉంటుంది ఆ సంస్థ, అంత పెద్ద చెట్లు, అంత పెద్ద గ్రౌండ్లు నేను ఎక్కడా చూడలేదు. నాకప్పటికి ముప్పై రెండేళ్లు, పక్కన ఇరవై నాలుగేళ్ల కుర్రాళ్లు. పొద్దున అయిదింటికి లేవాలి, గ్రౌండ్, తర్వాత క్లాసులు, సాయంత్రం మళ్లీ గ్రౌండ్. పాఠాలు హిందీ, ఇంగ్లిష్ కలిపి చెప్పేవారు. మన నిజామాబాద్ వైపు హిందీ కొంచెం వస్తుంది కాబట్టి బతికాను. అయినా ఫిజియాలజీ క్లాసుల్లో మొదటి వారం సగమే అర్థమైంది, రాత్రి గదిలో ఒక పంజాబ్ మిత్రుడు మళ్లీ చెప్పేవాడు, నేను తెలుగులో నోట్సు రాసుకునేవాడిని.

మూడో వారంలో ఒక రోజు మోచెయ్యి బొమ్మ వేసి పాఠం చెప్పారు. పెరిగే వయసు పిల్లల్లో మోచెయ్యి లోపలి వైపు ఎముక చివర ఇంకా మెత్తగా ఉంటుంది, పదిహేను, పదహారేళ్లు దాటితే గానీ పూర్తిగా గట్టిపడదు. భుజం పైనుంచి బలంగా విసిరిన ప్రతిసారీ అక్కడ లాగుడు పడుతుంది. విశ్రాంతి లేకపోతే ఎముకైనా దెబ్బతింటుంది, దాన్ని పట్టి ఉంచే లిగమెంట్ అయినా తెగుతుంది. అమెరికాలో 2014 నుంచి మేజర్ లీగ్ వాళ్లు, యూఎస్ఏ బేస్‌బాల్ వాళ్లు కలిసి పిల్లలు ఎన్ని బంతులు వేయాలో వయసును బట్టి పరిమితి పెట్టారు. 13, 14 ఏళ్ల పిల్లలు రోజుకు 95 బంతులకు మించి వేయకూడదు, 66 దాటితే నాలుగు రోజులు విశ్రాంతి ఇవ్వాలి. అది వింటుంటే నాకు చెవుల్లో ఆ మెత్తటి శబ్దం వినబడింది. క్లాసు అయ్యాక కాసేపు అక్కడే కూర్చున్నాను.

ఇంటికి వచ్చిన రాత్రే ట్రంకు పెట్టె తీసి 2007 స్కోర్ బుక్ వెతికాను. నా చేతిరాతే. బాల్ గుర్తులు, స్ట్రైక్ గుర్తులు, ఫౌల్స్, కొట్టినవి, అన్నీ కలిపి లెక్కపెట్టాను. తప్పేమోనని మళ్లీ పెట్టాను. మూడు రోజుల్లో 412 బంతులు. వార్మప్‌లు కాకుండా. ఆ గుర్తులన్నీ నేనే పెట్టాను, ఒక్కసారి కూడా కూడలేదు.

మర్నాడు ఆ పిచర్‌కి ఫోన్ చేశాను, ఇప్పుడు మస్కట్‌లో డ్రైవర్‌గా ఉన్నాడు. లెక్క చెప్పాను. ఆ రోజు కోచ్‌కి చెప్పి ఉండాల్సిందిరా, చెప్పలేదు అన్నాను. కాసేపు మాట్లాడలేదు. "నువ్వు చెప్పినా నేను ఆగకపోతుంటిరా, అప్పుడు నన్నెవడాపుతడు" అన్నాడు. నన్ను ఓదార్చడానికే అన్నాడు. కానీ ఆ మాట నా పనిని నాకు చూపించింది. పదిహేడేళ్లవాడు తనంతట తాను ఆగడు, ఆపాల్సింది పక్కనున్న పెద్దవాడే.

కోచ్‌గా మొదటి ఏడాది నేను బాగా చేయలేదు. నాకు వచ్చింది చేసి చూపిస్తే పిల్లలకు వచ్చేస్తుందనుకున్నాను. చేసి చూపించేవాడిని, వాళ్లు చేసేవాళ్లు, తప్పు వస్తే అరిచేవాడిని. రెండు నెలలకు పాతికమందిలో తొమ్మిది మంది మానేశారు. అప్పుడు ఒక ఎడమచేతి వాటం పాప, ఆరో తరగతి, నా దగ్గరికి వచ్చి "సార్, నాకు గ్లవ్ ఉల్టా ఉంది" అంది. కిట్‌లో ఉన్న గ్లవ్స్ అన్నీ ఎడమ చేతికి తొడుక్కునేవే. ఆ పాప రెండు నెలలుగా విసరాల్సిన చేతికే గ్లవ్ వేసుకుని, పట్టిన బంతిని కుడి చేత్తో విసురుతోంది, నేనేమో చెయ్యి బలం లేదని అరుస్తున్నాను. పదహారేళ్లు చూసి చూసి నేర్చుకున్నానని అనుకునేవాడిని, కళ్లముందున్నది చూడలేదు. జీతం రాగానే హైదరాబాద్ వెళ్లి కుడి చేతికి వేసుకునే గ్లవ్స్ రెండు తెచ్చాను. ఆ పాప ఇప్పుడు మా ఫస్ట్ బేస్.

ఆ రోజు నుంచి పద్ధతి మార్చాను. ముందు వారం రోజులు ఏమీ సరిదిద్దను, చూసి రాసుకుంటాను. తర్వాత ఒక పిల్లకి ఒక రోజు ఒకటే చెబుతాను, రెండో మాట చెప్పను. ఆ చెప్పేది వాళ్లకు తెలిసిన పనిలో చెబుతాను. నేల మీద దొర్లి వచ్చే బంతిని కోడిపిల్లను పట్టినట్టు రెండు చేతులా పట్టమంటాను. అవుట్‌ఫీల్డ్ నుంచి బంతి చేతులు మారుతూ రావాలంటే, ఇల్లు కట్టేటప్పుడు ఇటుకలు అందించుకోవడం గుర్తు చేస్తాను, అక్కడ వెనక్కి తిరిగి వెతుక్కుంటూ ఎవరూ నిలబడరు. స్లైడ్ నేర్పడానికి బడి పక్కన కడుతున్న ఇంటి ఇసుక కుప్ప అడిగి వాడుకున్నాం. బ్యాటింగ్‌లో మాత్రం ముందే కూర్చోబెట్టి ఒక విషయం చెబుతాను. పదిసార్లు వెళ్లి మూడుసార్లు హిట్ కొడితే ఈ ఆటలో అది గొప్ప బ్యాటింగ్, మిగతా ఏడుసార్లు ఏడుస్తూ రావద్దు అని. క్రికెట్ చూసి పెరిగిన పిల్లలకు ఇది జీర్ణం కావడానికి నెలలు పడుతుంది.

తల్లిదండ్రులు అడిగేది ఒకటే, "సార్, దీంతోని కొలువొస్తదా?" వస్తుందని చెప్పను, రాదని చెప్పను. నా దగ్గర ఆడినవాళ్లలో ఎవరు ఎక్కడున్నారో చెబుతాను, నా జీతం ఎంతో కూడా చెబుతాను. చదువు తగ్గితే ప్రాక్టీస్‌కి రానివ్వనని చెబుతాను. చాలామంది ఒప్పుకుంటారు. ఆడపిల్లల తల్లులు ఎక్కువగా ఒప్పుకుంటారు, ఎందుకో గానీ. బహుశా పిల్ల ఒక్కతీ కాకుండా జట్టుతో కలిసి ఊరు దాటి వెళ్లి వస్తుందనే ధైర్యం కావచ్చు.

బంతుల లెక్కకి నా జేబులో చింతగింజలు ఉంటాయి. బేస్‌బాల్ మ్యాచ్ ఉన్న రోజు కుడి జేబులో 65 గింజలు వేసుకుంటాను, పిచర్ ఒక బంతి వేస్తే ఒక గింజ ఎడమ జేబులోకి. ఫోన్‌లో యాప్‌లు ఉన్నాయి, తెలుసు. కానీ గ్రౌండ్‌లో ఫోన్ చూస్తే కన్ను ఆట మీది నుంచి పోతుంది. గింజను చెయ్యే లెక్కపెడుతుంది, కన్ను మోచేతి మీదే ఉంటుంది. మోచెయ్యి భుజం కంటే కిందికి జారుతోందంటే గింజలు మిగిలి ఉన్నా ఆపేస్తాను.

మొన్న ఒక టోర్నమెంట్‌లో ఇదే జరిగింది. మా పిచర్ తొమ్మిదో తరగతి, పద్నాలుగేళ్లు, మంచి చెయ్యి. అయిదో ఇన్నింగ్స్‌లో మేం ఒక పరుగు ముందున్నాం, బేస్‌ల మీద ఇద్దరున్నారు, కుడి జేబు ఖాళీ అయింది. టైమ్ అడిగి లోపలికి వెళ్లాను. "సార్, ఒక్క బ్యాటర్ సార్, నొప్పి లేదు" అన్నాడు, కళ్లలో నీళ్లు. బంతి తీసుకుని వేరే అబ్బాయికి ఇచ్చాను. ఆ అబ్బాయి వేసిన మూడో బంతికే పెద్ద హిట్ పడింది, ఓడిపోయాం. పిచర్ వాళ్ల నాన్న అందరి ముందే నన్ను నానా మాటలన్నారు, గెలిచే మ్యాచ్ పోగొట్టావన్నారు. ఆయన కోపం నాకు అర్థమైంది, పొలం పని మానుకుని కొడుకు ఆట చూడటానికి వచ్చిన మనిషి. ఆయనకు అప్పుడేమీ చెప్పలేదు. రెండు రోజుల తర్వాత ఇంటికి వెళ్లి 2007 స్కోర్ బుక్ ముందు పెట్టి అంతా చెప్పాను. ఆయన అవునన్నారని, కాదన్నారని రాయలేను. టీ తాగించి పంపారు.

పిల్లవాడు మాత్రం మూడు రోజులు నాతో మాట్లాడలేదు. ప్రాక్టీస్‌కి వచ్చి గట్టు మీద కూర్చునేవాడు. నాలుగో రోజు పొద్దున వచ్చి, "సార్, ఇయ్యాల ఇసరచ్చా?" అన్నాడు. ఇవాళ కూడా ఆగు, రేపు అన్నాను. వాడు మళ్లీ గట్టు వైపు నడుస్తుంటే పిలిచి, స్కోర్ బుక్, పెన్సిల్ చేతిలో పెట్టి నా పక్కన కూర్చోమన్నాను. షార్ట్‌స్టాప్‌కి ఏ అంకె అని అడిగాడు. ఆరు అని చెప్పాను.